641కీ 810కీ మధ్య

నేను చాలా ఏళ్లుగా వెళ్తున్న గ్రంథాలయంలో హెన్రీ డేవిడ్ థోరో పుస్తకాలు పై అంతస్తులో ఉంటాయి, ఎం.ఎఫ్.కె. ఫిషర్ పుస్తకాలు కింది అంతస్తులో ఉంటాయి. ఇందులో గ్రంథపాలకుల తప్పేమీ లేదు. డ్యూయీ వర్గీకరణలో అమెరికన్ సాహిత్యానికి 810, వంటకు 641 కేటాయించారు కాబట్టి వాళ్లు ఆ అంకెల ప్రకారమే సర్దారు. అయితే బియ్యానికి ఎన్ని సెంట్లయ్యాయో, రొట్టె ఎలా కాల్చుకున్నాడో పేజీలకొద్దీ రాసిన థోరో సాహిత్యంలో చేరడం, ఆకలి గురించి రాస్తూ ప్రేమనూ మరణాన్నీ ఒంటరితనాన్నీ చెప్పిన ఫిషర్ కేకుల పుస్తకాల పక్కన మిగిలిపోవడం నాకు మొదటినుంచీ వింతగానే ఉండేది. ఆ రెండు అంతస్తుల మధ్య మెట్లు ఎక్కి దిగుతూ చదువుకున్న కొన్ని పుస్తకాల గురించే ఈ టపా.

చదివినకొద్దీ నాకు కలిగిన అభిప్రాయాన్ని ముందే చెప్పేస్తాను. అమెరికాలో భోజనం గురించిన రాతకూ సాహిత్యానికీ నడుమ ఉన్న గోడను ఏం రాశారన్నదాన్ని బట్టి కాక, ఎవరు రాశారన్నదాన్ని బట్టి కట్టారు. తిన్నవాడు రాస్తే అది సాహిత్యమైంది, వండినవాళ్లు రాస్తే వంటపుస్తకమైంది. వండినవాళ్లలో చాలామందికి రాయడం రాదు. ఇంకొందరికి రానివ్వలేదు.

1796 సంవత్సరాన్నే తీసుకుందాం. ఆ ఏడాది అచ్చయిన రెండు రచనలకు కనెక్టికట్ రాష్ట్రంతో సంబంధం ఉంది, రెండింటిలోనూ మొక్కజొన్న పిండి ఉంది. ఒకటి జోయెల్ బార్లో రాసిన 'ది హేస్టీ పుడ్డింగ్' అనే మూడు సర్గల హాస్యకావ్యం. యేల్‌లో చదువుకున్న బార్లో 1793 జనవరిలో ఫ్రాన్స్‌లోని సవాయ్ ప్రాంతంలో ఉన్న షాంబెరీ పట్టణంలో ఉండగా, చిన్నప్పుడు తిన్న మొక్కజొన్న సంకటి వంటి వంటకం అనుకోకుండా అతనికి ఎదురైంది. ఇంటి మీద బెంగతో, వీరగాథల ఫణితిలో, ఆ సంకటిని స్తుతిస్తూ, దాన్ని ఎంత పాలతో ఎటువంటి చెంచాతో తినాలో కూడా నియమాలు చెబుతూ అతను ఈ కావ్యాన్ని రాశాడు. రెండవది హార్ట్‌ఫర్డ్‌లో అచ్చయిన 'అమెరికన్ కుకరీ'. అమెరికన్ రచయిత రాయగా అమెరికాలోనే అచ్చయిన తొలి వంటపుస్తకంగా దీనికి పేరుంది. రాసినామె అమీలియా సిమన్స్. ముఖపత్రం మీద తనను తాను 'ఒక అమెరికన్ అనాథ' అని చెప్పుకుంది. అంతకుమించి ఆమె గురించి దాదాపు ఏమీ తెలియదు.

అచ్చుకు సిద్ధం చేయగలిగినంత చదువు సిమన్స్‌కు లేకపోవడంతో ఆ పనిని ఇంకొకరికి అప్పగించింది. పుస్తకం వచ్చాక చూసుకుంటే, ఆ మనిషి కొన్ని వంటకాల్లో అవసరమైన దినుసులను తీసేసి, వాటిని చెడగొట్టే దినుసులను చేర్చినట్టు తేలింది. తన అనుమతి లేకుండా, అమ్మకాలు దెబ్బతీయాలనే ఇలా చేశారని ఫిర్యాదు చేస్తూ, తప్పొప్పుల పట్టికతో ఒక ప్రకటన అచ్చువేయించి కొన్ని ప్రతుల్లో చేర్చింది. సంకటిని తిన్నవాడి కావ్యం సంకలనాల్లోకి వెళ్లింది. వండినామె తన కొలతలు తనవేనని ప్రకటించుకోవలసి వచ్చింది. అమెరికన్ ఆహార రచన ఈ తగాదాతో మొదలైందంటే అది అతిశయోక్తి కాదనుకుంటాను.

ఇక థోరో. వాల్డెన్ చెరువు ఒడ్డున ఒంటరిగా బతికిన అనుభవాలతో అతను రాసి, 1854లో వచ్చిన 'వాల్డెన్' మొదటి అధ్యాయంలో ఎనిమిది నెలల తిండి ఖర్చు పట్టిక ఉంది. బియ్యం 1 డాలరు 73½ సెంట్లు, మొలాసిస్ 1 డాలరు 73 సెంట్లు, రై పిండి, మొక్కజొన్న పిండి, 22 సెంట్ల పంది మాంసం, 2 సెంట్ల పుచ్చకాయ, 3 సెంట్ల ఉప్పు అంటూ అన్నీ కలిపి 8 డాలర్ల 74 సెంట్లు తిన్నానని అతను లెక్క తేల్చాడు. పిండి, చక్కెర, పందికొవ్వు, ఆపిల్ పండ్లు, గుమ్మడికాయ వంటివన్నిటికీ కలిపి 'విఫలమైన ప్రయోగాలు' అని పేరు పెట్టాడు. ఇంట్లో నెలసరి పద్దు రాసేవాళ్లెవరికైనా ఇక్కడ నవ్వు రాకుండా ఉండదు. రొట్టె భాగం ఇంకా బాగుంటుంది. ఒకనాటి ఉదయం నియమాలు మరిచిపోయి ఈస్ట్‌ను మరిగే నీళ్లతో చంపేసి, ఆ పొరపాటు వల్ల ఈస్ట్ లేకుండానే రొట్టె చేయవచ్చని అతను కనుక్కున్నాడు. అప్పటిదాకా జేబులో సీసాతో ఈస్ట్ మోసుకుని తిరిగేవాడు. ఆ సీసా బిరడా అప్పుడప్పుడు ఎగిరిపోయి లోపలిదంతా ఒలికిపోయేదట. చివరికి రోమన్ రచయిత కేటో చెప్పిన రొట్టె విధానాన్ని లాటిన్‌లోనే ఉటంకించాడు. ఇదంతా వంటపుస్తకం కాకపోతే మరేమిటి?

అయితే ఆ పట్టిక దగ్గరే, చదివేవాళ్లు సాధారణంగా దాటిపోయే ఒక మాట ఉంది. బట్టలు ఉతకడం, కుట్లు వేయడం చాలావరకు బయట జరిగిందని, ఆ బిల్లులు ఇంకా రాలేదని థోరో చెబుతాడు. అవి ఎప్పటికీ రాలేదనే నా ఊహ. పావు సెంటు వరకు లెక్క రాసుకున్న మనిషి కూడా వేరెవరో చేసిన ఇంటిపనికి వెల కట్టలేదు. నాకు 'వాల్డెన్' అంటే ఇష్టమే. ఇష్టమైన పుస్తకంలో కనబడే ఇలాంటి చిన్న చిల్లును దాచిపెట్టడం మాత్రం నాకు ఇష్టం లేదు.

వెల కట్టని ఆ పని బానిసత్వం కింద ఎలా ఉండేదో తెలుసుకోవాలంటే లిడియా మరియా చైల్డ్ దగ్గరికి వెళ్లాలి. ఆమె మొదట నవలా రచయిత్రి. 1829లో 'ది ఫ్రూగల్ హౌస్‌వైఫ్' అనే వంటపుస్తకం ప్రచురించింది. పొదుపుగా బతకడాన్ని నామోషీగా భావించనివారికి దాన్ని అంకితమిచ్చింది. ముప్పైకి పైగా ముద్రణలు పొందిన ఆ పుస్తకం, ఏ తునకా వృథా కాకుండా మిగిలినవన్నీ పోగుచేసుకోవడమే ఇల్లు నడిపే కళ అన్న మాటతో మొదలవుతుంది. తునకలంటే వస్తువుల తునకలే కాదు, కాలపు తునకలు కూడా అంటుందామె. 1833లో బానిసత్వాన్ని ఖండిస్తూ పుస్తకం రాశాక, అంతవరకు ఆదరించిన పాఠకుల్లో చాలామంది ఆమెకు దూరమయ్యారు.

ఈ చైల్డే 1861లో, బానిసత్వం నుంచి తప్పించుకుని వచ్చిన హారియెట్ జేకబ్స్ ఆత్మకథకు సంపాదకురాలిగా పనిచేసి ముందుమాట రాసింది. ఉత్తర కరొలైనాలోని ఈడెన్‌టన్‌లో గడిచిన జీవితం అది. అందులో యజమానురాలు మిసెస్ ఫ్లింట్ గురించిన ఒక పేరా నన్ను ఇప్పటికీ వదలదు. ఆదివారం భోజనం అనుకున్న వేళకు సిద్ధం కాకపోతే ఆమె వంటగదిలోకి వచ్చి నిలబడుతుంది. వండినదంతా పళ్లేల్లోకి తీసేదాకా ఆగి, ఆ తర్వాత వండిన గిన్నెలన్నిటిలోనూ ఉమ్మి వేస్తుంది. అడుగున అంటుకున్న పులుసూ మాడూ గీరుకుని వంటమనిషీ ఆమె పిల్లలూ అరకొర కడుపు నింపుకోకుండా చూడడం కోసమే ఇదంతా. తునకల్ని పోగుచేయమని చెప్పి పేరు తెచ్చుకున్న రచయిత్రి, తునకల మీద ఉమ్మి వేసే ఈ పేరాను రాతప్రతిలో మొదటిసారి చదివినప్పుడు ఏమనుకుని ఉంటుందో అని నేను చాలాసార్లు ఆలోచించాను.

అదే పుస్తకంలో జేకబ్స్ అమ్మమ్మ ఉంటుంది. ఆమె చేసే క్రాకర్ బిస్కెట్లకు ఊళ్లో గిరాకీ ఉండేది. ఇంటి పని మొత్తం ముగిశాక రాత్రిపూట వాటిని కాల్చి అమ్ముకోవడానికి తన యజమానురాలి, అంటే మిసెస్ ఫ్లింట్ తల్లి, అనుమతి తీసుకుంది. పిండి, సరుకులు తన డబ్బుతోనే కొనుక్కోవాలి, తనకూ పిల్లలకూ కావలసిన బట్టలు అందులోంచే సమకూర్చుకోవాలి. పిల్లలను కొనుక్కుని విడిపించుకుందామని అలా నిద్ర మానుకుని ఆమె కూడబెట్టిన 300 డాలర్లను, త్వరలోనే తిరిగి ఇస్తానని చెప్పి యజమానురాలు అప్పుగా తీసుకుంది. బానిసకు రాసిచ్చిన పత్రానికి చట్టం దృష్టిలో విలువ లేదు. యజమానురాలు చనిపోయాక ఆస్తి దివాలా తీసిందని చెప్పి అల్లుడు ఆ బాకీ ఎగ్గొట్టాడు. ఆ డబ్బుతో కొన్న వెండి దీపస్తంభాన్ని మాత్రం తన దగ్గరే ఉంచుకున్నాడు. క్రాకర్లు ఎలా చేయాలో జేకబ్స్ ఎక్కడా చెప్పలేదు. కానీ అమెరికన్ ఆహార రచనలో ఇంతకంటే పూర్తి అయిన వంటకాన్ని నేను చదవలేదు. దినుసులు ఎవరివి, శ్రమ ఎవరిది, రాత్రి ఎవరిది, లాభం ఎవరిది అన్నవన్నీ అందులో ఉన్నాయి.

మగ రచయితలు ఈ సంగతిని అసలు పట్టించుకోలేదని అనలేను. 1851 నాటి 'మోబీ డిక్'లో తిమింగలాన్ని చంపిన రాత్రి స్టబ్ అనే అధికారి, పడుకున్న ముసలి నల్లజాతి వంటవాడు ఫ్లీస్‌ను లేపించి, మాంసం ఎక్కువగా ఉడికిందని గద్దించి, పైగా ఓడ పక్కన చేరిన సొరచేపలకు ఉపదేశం చేయమని ఆజ్ఞాపిస్తాడు. ఆ అవమానం అంతా అయ్యాక, సొరచేపల కంటే ఈయనే పెద్ద సొరచేప అని ఫ్లీస్ గొణుక్కుంటూ వెళ్లిపోతాడు. మెల్విల్ ఆ అధ్యాయంలో చివరి మాట వంటవాడికే ఇచ్చాడు. ఇక 1925లో హెమింగ్వే 'బిగ్ టూ-హార్టెడ్ రివర్' కథలో నిక్ తానొక్కడే నది ఒడ్డున డేరా వేసుకుని, ఒక డబ్బా బీన్స్, ఒక డబ్బా స్పాగెటీ కలిపి వేడిచేసుకుని, నాలుక కాలుతుందని ఆగి తింటాడు. యుద్ధం అన్న మాట ఆ కథలో లేదు, ఆ ఆగడంలో ఉంది. అడవిలో మగవాడు తనకోసం వండుకుంటే అది శైలికి పాఠ్యాంశమవుతుంది అని నాలో ఒక కొంటె గొంతు అంటూ ఉంటుంది కానీ, ఆ పేజీ గొప్పదనాన్ని కాదనే ధైర్యం దానికి కూడా లేదు.

కవయిత్రి ఎమిలీ డికిన్సన్ సంగతి వేరు. ఆమెలో వండే చేయీ రాసే చేయీ ఒక్కరివే. 1856లో ఆమ్హర్‌స్ట్ పశువుల ప్రదర్శనలో ఆమె చేసిన రై, మొక్కజొన్న రొట్టెకు రెండవ బహుమతి వచ్చింది. 1870లో ఆమెను చూడడానికి వెళ్లిన, ఆమెతో ఉత్తరాలు నడిపిన రచయిత థామస్ వెంట్‌వర్త్ హిగిన్సన్, తండ్రికి ఆమె రొట్టే నచ్చుతుంది కాబట్టి ఇంట్లో రొట్టె అంతా ఆమే చేస్తుందని, మనుషులకు పుడ్డింగులు ఉండాలి కదా అని ఆమె తోకచుక్కల గురించి చెబుతున్నంత పరధ్యానంగా అన్నదని భార్యకు రాశాడు. తిరిగి రానివి ఎన్నో ఉన్నాయంటూ మొదలయ్యే ఒక కవిత చిత్తుప్రతిని ఆమె కొబ్బరి కేకు విధానం రాసిన కాగితం వెనుక రాసుకుంది. గ్రంథాలయం ఆ కాగితాన్ని ఏ సంఖ్య కింద పెట్టాలి? ఆమె బ్లాక్ కేకు విధానం కూడా దొరుకుతుంది. రెండు పౌన్ల పిండి, రెండు పౌన్ల చక్కెర, రెండు పౌన్ల వెన్న, ఐదు పౌన్ల ఎండుద్రాక్ష, 19 గుడ్లు. సగం కొలతతో చేద్దామని ఒకసారి కూర్చున్నాను. తొమ్మిదిన్నర గుడ్ల దగ్గర ఆగిపోయి, పదో గుడ్డును గిలకొట్టి సగం పారబోయడానికి మనసొప్పక మొత్తం వేసేశాను. కేకు కొంచెం తడిగా వచ్చింది, అయినా తినేశాం.

పారిస్‌లో గెర్‌ట్రూడ్ స్టైన్ అనే అమెరికన్ రచయిత్రి, ఆమె జీవిత సహచరి అలిస్ బి. టోక్లస్‌ల ఇల్లు నా వాదనకు మరీ చక్కగా సరిపోతుంది కాబట్టి కాస్త అనుమానంతోనే చెబుతున్నాను. 1914 నాటి 'టెండర్ బటన్స్'లో స్టైన్ ఒక భాగానికి 'ఆహారం' అని పేరుపెట్టి, తినే వస్తువుల పేర్ల కింద అర్థానికి అంత సులువుగా లొంగని వాక్యాలు రాసింది. ఆ ఇంట్లో వంట సంగతి చూసుకున్నది టోక్లస్. 1933లో స్టైన్ తన కథను టోక్లస్ గొంతుతో 'ది ఆటోబయోగ్రఫీ ఆఫ్ అలిస్ బి. టోక్లస్' పేరిట రాసి ప్రసిద్ధురాలైంది. అంటే వండినామెకు ఆత్మకథ వచ్చింది కానీ రాసింది తినినామె. స్టైన్ 1946లో చనిపోయింది. 1954లో టోక్లస్ తన సొంత మాటలతో పుస్తకం రాసినప్పుడు అది వంటపుస్తకం రూపంలో వచ్చింది. అందులో వంటగదిలో హత్యల గురించి ఒక అధ్యాయం ఉంది. బతికున్న కార్ప్ చేపను మొదటిసారి కత్తితో చంపాక ఆమె కుర్చీలో కూలబడి, చేతులైనా కడుక్కోకుండా సిగరెట్ వెలిగించుకుని, పోలీసులు వచ్చి తనను పట్టుకుపోతారని ఎదురుచూస్తుంది. పొడిపొడిగా, ముఖంలో నవ్వు కనబడనివ్వకుండా చెప్పే ఆ ధోరణి స్టైన్ ఆమె పేరుతో రాసిన గొంతుకు ఎంత దగ్గరగా ఉందంటే, ఎవరి గొంతును ఎవరు అరువు తెచ్చుకున్నారో తేల్చడం కష్టం.

ఇప్పుడు కింది అంతస్తుకు వద్దాం. ఎం.ఎఫ్.కె. ఫిషర్ 1908లో మిషిగన్‌లో పుట్టి కాలిఫోర్నియాలో పెరిగింది. 1937 నాటి తొలి పుస్తకం 'సర్వ్ ఇట్ ఫోర్త్'లో స్ట్రాస్‌బర్గ్ నగరంలో గడిపిన ఒక చలికాలం గురించిన చిన్న వ్యాసం ఉంది. ఉదయం గదిలో కిటికీ పక్కన కూర్చుని కమలాపండ్లు ఒలుస్తుంది. తొన తొనకూ అంటిన పీచు తీసి, రేడియేటర్ మీద పరిచిన పాత వార్తాపత్రిక మీద పెట్టి వాటిని మరిచిపోతుంది. మధ్యాహ్న భోజనం అయ్యేసరికి అవి వేడెక్కి ఉబ్బి ఉంటాయి. కిటికీ తలుపు తీసి, గట్టు మీద పేరుకున్న మంచులో వాటిని ఉంచుతుంది. చల్లబడ్డాక నోట్లో వేసుకుంటే పలుచటి పెంకులాంటి పొర పటుక్కున చిట్లి, లోపలి రసం చల్లగా జారుతుంది. అవి తనకెందుకంత మాయగా అనిపిస్తాయో చెప్పలేనంటుంది ఫిషర్. ఇందులో వంటేమీ లేదు, విధానం ఉంది. కొత్త భార్య, పరాయి ఊరు, పొద్దుపోని పగళ్లు, కింద వీధిలో సాగిపోయే సైనికులు, అన్నీ ఆ తొన మీది పొరంత పలుచగా ఉన్నాయి. అధికారం గురించో ప్రేమ గురించో రాయకుండా తిండి గురించి ఎందుకు రాస్తావని తనను జనం అడుగుతారన్న ప్రశ్నతోనే 1943 నాటి 'ది గ్యాస్ట్రోనామికల్ మీ'ని ఆమె మొదలుపెట్టింది. ఆమె కంటే మంచి వచనం రాసేవాళ్లు అమెరికాలో తనకు తెలియదని కవి ఆడెన్ అన్నాడు. అయినా 641.

రెండవ ప్రపంచ యుద్ధం తర్వాతి నవలల్లో తిండి మళ్లీ పై అంతస్తుకు చేరింది, ఈసారి వేరే చేతుల మీదుగా. 1952 నాటి రాల్ఫ్ ఎలిసన్ 'ఇన్విజిబుల్ మ్యాన్' నాయకుడు హార్లెమ్ వీధిలో వెన్న వేసిన వేడి చిలగడదుంపను నడిరోడ్డు మీద నడుస్తూ తింటూ, దక్షిణాది తిండి పట్ల తనకున్న సిగ్గు వదిలిపోయినట్టు భావిస్తాడు. ఆ వెంటనే, చివరగా కొరికిన దుంప మంచు తగిలి చెడిపోయి ఉంటుంది. టోనీ మారిసన్ 1987లో రాసిన 'బిలవెడ్' ఇంకా లోతుకు వెళ్తుంది. స్టాంప్ పెయిడ్ ముళ్లల్లో దూరి తెచ్చిన రెండు బకెట్ల బ్లాక్‌బెర్రీలు బేబీ సగ్స్ ఇంట్లో 'పై' అనే పండ్ల పిండివంటలుగా మారి, అవి పెరిగి 90 మందికి విందుగా మారతాయి. కడుపు నిండా తిన్న ఆ ఇరుగుపొరుగుకే మర్నాటికల్లా ఆ సమృద్ధి మీద కంటగింపు పుడుతుంది. అందుకే బానిసలను పట్టుకుపోవడానికి గుర్రాల మీద వచ్చే నలుగురి గురించి ఎవరూ పరుగెత్తి వచ్చి హెచ్చరించరు. నవలలోని మహావిషాదం ఒక విందు వెనకనే నడిచి వస్తుంది.

ఇదే కాలంలో క్నాఫ్ ప్రచురణ సంస్థలో ఒకే బల్ల మీద రెండు అంతస్తులూ కలిశాయి. జాన్ అప్‌డైక్ నవలలకు సంపాదకత్వం వహించిన జూడిత్ జోన్స్, 1976లో ఎడ్నా లూయిస్ 'ది టేస్ట్ ఆఫ్ కంట్రీ కుకింగ్'ను కూడా తీర్చిదిద్దింది. వర్జీనియాలో, బానిసత్వం నుంచి విముక్తులైనవారు స్థాపించుకున్న ఫ్రీటౌన్ అనే ఊరు లూయిస్‌ది. స్థాపించినవారిలో ఆమె తాత ఒకడు. మొదట ఇంకొకరి సాయంతో తయారైన పేజీల్లో లూయిస్ గొంతు లేదని గమనించి, నాతో మాట్లాడుతున్నట్టే నీ అంతట నువ్వు రాయి అని జోన్స్ ప్రోత్సహించింది. సిమన్స్ మోసపోయిన 180 ఏళ్లకు అచ్చువేసేవాళ్లలో ఒకరు ఆ మాట అన్నారు.

ఈ మధ్య నేను ఎక్కువగా తిరగేస్తున్నది మాత్రం 1881లో శాన్‌ఫ్రాన్సిస్కోలో, స్త్రీల సహకార ముద్రణాలయంలో అచ్చయిన ఒక చిన్న పుస్తకం. రచయిత్రి పేరు ఆబీ ఫిషర్. ఎం.ఎఫ్.కె.తో ఏ చుట్టరికమూ లేదు. దక్షిణ కరొలైనాలో బానిసత్వంలో పుట్టి పశ్చిమ తీరానికి చేరిన ఈమె ఊరగాయలకూ జెల్లీలకూ అక్కడ పతకాలు గెలుచుకుంది. తనకూ భర్తకూ చదువు లేదని ముందుమాటలోనే చెప్పి, 160 వంటకాలను నోటితో చెప్పి రాయించింది. రాసుకున్నవాళ్లకు దక్షిణాది ఉచ్చారణ అందక, 'సక్కొటాష్' అనే మొక్కజొన్న, బీన్స్ వంటకం 'సర్క్యూట్ హాష్' అయి కూర్చుంది, 'జంబలాయ' 'జంబర్లీ' అయింది. ఆ తప్పులను ఎవరూ సరిదిద్దకపోవడం నాకు ఇష్టం, వాటిలో ఆమె గొంతు వినబడుతుంది. చివరి వంటకం చంటిపిల్లలకు పెట్టే జావ. పిండిని శుభ్రమైన గుడ్డలో నీరు చొరకుండా బిగించి కట్టి, రెండు గంటలు ఉడకబెట్టి, చల్లారాక పైపొర తీసేసి, కావలసినప్పుడు ఒక చెంచా తురిమి మరిగే పాలల్లో కలపమంటుంది. ఆ కింద, కొలతలు చెప్పిన స్వరంతోనే, తాను పదకొండు మంది పిల్లలను కని అందరినీ ఈ జావతోనే పెంచానని, ఇది దక్షిణాది ప్లాంటేషన్లలో చేసే తయారీ అని చెప్పి పుస్తకం ముగిస్తుంది.